కడిగినా పోని పేరు

గార్విన్ కొడుకులారా, మీరు దొంగలు. మర్యాదగా చెప్పే భాష నాకు రాదు, వచ్చినా మీ మీద వృథా చెయ్యను. మీ నాన్న కూడా దొంగే. కానీ ఆయన దొంగతనంలో కాస్త కష్టం ఉండేది, మనుషుల ముఖం చూసి చెయ్యాల్సి వచ్చేది. మీరు కత్తెర తీసుకున్నారు, ఫిలిం మొదట్లో ఒక ముక్క కత్తిరించారు, ఆ ఖాళీలో సబ్బు ప్రకటన పెట్టుకున్నారు, అంతే. ఆ ముక్కలో ఒక మనిషి పేరుంది. దర్శకత్వం: దెజో హాల్మోష్. ఆ పేరు అక్కడికి ఎలా ఎక్కిందో మీకు తెలియదు. అప్పుడు మీరు నిక్కర్లేసుకుని మా బల్లల కింద దూరి రంగు సీసాలు ఒలకబోసేవాళ్ళు. కూర్చోండి, చెబుతాను.

దెజో హంగరీ మనిషి. బుడాపెస్ట్‌లో సినిమా హాళ్ళకి ప్రకటన బొమ్మలు తీసేవాడు. బూట్లు తమకి తామే పాలిష్ రాసుకుని నాట్యం చేస్తాయి, చివర్లో వంగి దండం పెడతాయి, జనం చప్పట్లు కొడతారు. అక్కడ బతకలేని రోజులొస్తే పారిస్ వెళ్ళాడు, పారిస్ నుంచి ఓడెక్కి హాలీవుడ్ చేరాడు. ఇక్కడ పెద్ద స్టూడియో ఒకటి ఆయన్ని పనిలో పెట్టుకుంది. పడవ తెరచాప గాలికి ఊగే బొమ్మలు గీస్తూ ఒక చలికాలమంతా గడిపాడట. చెప్పేటప్పుడు ఆయన కళ్ళు మూసుకునేవాడు, పెళ్ళి భోజనం గుర్తు తెచ్చుకున్నట్టు.

తర్వాత టెలివిజన్ వచ్చింది. జనం ఇళ్ళలో కూర్చున్నారు. పెద్ద స్టూడియోలు బొమ్మలవాళ్ళని రోడ్డు మీద నిలబెట్టాయి. అప్పటిదాకా పాత కార్లు అమ్ముకుంటున్న మీ నాన్న చెట్ గార్విన్, ఒక లాండ్రీ వెనక షెడ్డు అద్దెకు తీసుకుని గార్విన్ కార్టూన్స్ అని బోర్డు కట్టాడు. దెజోని పిలిచి, నువ్వే దర్శకుడివి అన్నాడు. ఆ మాట నోటితోనే అన్నాడు, తెర మీద అనలేదు. నా కథంతా ఆ తేడాలోనే ఉంది.

నేను ఇంకు గదిలో పనిచేసేదాన్ని. బొమ్మలవాళ్ళు కాగితం మీద గీసింది మేం సెల్ మీదికి ఎత్తేవాళ్ళం. సెల్ అంటే గాజులా కనబడే పల్చటి రేకు. ముందువైపు పెన్నుతో గీత, వెనకవైపు రంగు. చేతి జిడ్డు తగిలితే రంగు పట్టదు కాబట్టి తెల్ల నూలు గ్లౌజులు వేసుకుని పనిచేస్తాం. ఆ గదిలో అందరూ ఆడవాళ్ళే. యూనియన్ తరఫున నోరు చేసుకోవడం నా వంతు, ఎందుకంటే మిగతావాళ్ళకి పెంపకం ఉంది.

దెజో పొద్దున్నే వచ్చి ప్రతి బల్ల దగ్గరా ఆగి, "మీ చేతికి ముద్దు, అమ్మా" అని వంగి నిజంగానే ముద్దు పెట్టేవాడు. వాళ్ళ దేశపు మర్యాద. మా గ్లౌజులకి రంగులుండేవి. అందుకని ఆయన తెల్లమీసం ఒక పక్క ఊదా, ఒక పక్క ఆకుపచ్చ. మీసం చూసి ఆయన ఏ బల్ల దగ్గర ఎక్కువసేపు నిలబడ్డాడో చెప్పేవాళ్ళం.

మా మొదటి కార్టూన్ పాలవాడు మార్టిమర్. మార్టిమర్ ఒక నీటిగుర్రం, ఇంటింటికీ పాలసీసాలు వేస్తాడు. ఖర్చు పెట్టేది అటుకుల కంపెనీ. పిల్లలు పొద్దున్నే పాలలో వేసుకు తినే మొక్కజొన్న అటుకులు చేస్తారు వాళ్ళు. దెజో ముచ్చటపడి మొదటి బొమ్మలు గీసి, మార్టిమర్ నడక చూపించాడు. పొట్ట ఒక పక్కకి, సీసాలు ఇంకో పక్కకి, వెనకభాగం తన దారిన తను. ఇంకు గదంతా పడీ పడీ నవ్వింది. గార్విన్ నవ్వలేదు.

"డెజ్, వీడు నడుస్తున్నాడేంటి?"

"పాలవాడు కదండీ గార్విన్ గారూ. ఇంటింటికీ వెళ్ళాలి."

"వెళ్ళమను. నడవొద్దను."

"కాళ్ళుండగా నడవకుండా ఎలా వెళతాడండీ?"

"అది నీ పని. కాళ్ళు గియ్యాలంటే నాకు మనుషులు కావాలి. మనుషులు సాయంత్రానికి జీతం అడుగుతారు. కాళ్ళు అడగవు."

దెజో దిగాలుగా ఇంటికి వెళ్ళి, మర్నాడు పొద్దున్న ఒక తెల్ల కంచె గీసుకొచ్చాడు. ఇక మార్టిమర్ ఎక్కడికెళ్ళినా కంచె వెనకే వెళతాడు. నడుం కిందంతా కంచె మింగేసింది. పైన ఒకే ఒంటి బొమ్మ, అలా పక్కకి జరిపితే చాలు. తల ఒక్కటే కదిలించాలంటే మెడ దగ్గర ఒక గీత ఉండాలి, నీటిగుర్రానికి మెడే లేదు. ఆయన పెద్ద బో టై కట్టాడు. టై పైన మాట్లాడుతుంది, టై కింద కొయ్య. గార్విన్ ఆనందం పట్టలేక గోల్ఫ్ క్లబ్బులో ఆ కంచె తనే కనిపెట్టానని చెప్పుకున్నాడు. తర్వాత ఆ ఊళ్ళో టెలివిజన్ కార్టూన్లన్నిటికీ కంచెలు మొలిచాయి.

ఇప్పుడు అసలు మనిషి దగ్గరికి వస్తున్నాను: దెజో అత్తగారు.

ఆవిడ పేరు బొర్బాలా. క్లీవ్‌లాండ్‌లో బకై రోడ్డు మీద ఉండేది. ఆ రోడ్డంతా హంగరీవాళ్ళే. వాళ్ళ చర్చి, వాళ్ళ రొట్టెల కొట్టు, వాళ్ళ సాసేజిలు, వాళ్ళ పుకార్లు. కూతురు ఇల్కాని వీధి మొగలో మాంసం కొట్టు ఉన్నవాడికి ఇద్దామనుకుంది. ఇల్కా బొమ్మలు గీసేవాణ్ణి కట్టుకుంది. ఆ కడుపుమంట చల్లారలేదు. మార్టిమర్ మొదలవగానే దెజో ఫోన్ చేసి, "అత్తయ్యా, గురువారం సాయంత్రం టెలివిజన్‌లో నా పేరు వస్తుంది, దర్శకుడిగా" అని చెప్పాడు. చెప్పకుండా ఉండాల్సింది. కానీ ఎవడికైనా అత్తగారి ముందే కదా గొప్పకి పోవాలనిపించేది.

బొర్బాలా వీధి మొత్తాన్నీ ఇంటికి పిలిచింది. కుర్చీలు చాలక చర్చి నుంచి బల్లలు తెప్పించింది. బొమ్మ వేశారు. మొదట అటుకుల ప్రకటన. తర్వాత పెద్ద అక్షరాల్లో 'చెట్ గార్విన్ చిత్రం'. తర్వాత నీటిగుర్రం, కంచె, అయిపోయింది. మాంసం కొట్టువాడు కూడా వచ్చి చూశాడట. వాడు ఊరికే దగ్గాడట.

ఫోన్లో ఆవిడ అన్న మాటలు ఇల్కా మాకు తల్లి గొంతుతో సహా చేసి చూపించేది.

"అల్లుడూ, నీ పేరేది?"

"వచ్చే వారం వేస్తారత్తయ్యా."

"సరే. ఇంకో మాట. ఆ జంతువుకి కాళ్ళేవి?"

"కంచె వెనకున్నాయత్తయ్యా."

"అందరికీ కంచె వెనకేనా? పోలీసుకీ, ముసలామెకీ, కుక్కకీ? మీ ఊళ్ళో ఎవరికీ కాళ్ళు లేవా?"

వచ్చే వారం కూడా పేరు రాలేదు. ఆ పై వారమూ రాలేదు. బకై రోడ్డులో ఒక మాట పుట్టింది: బొర్బాలా అల్లుడు హాలీవుడ్‌లో కంచెలకి సున్నం వేస్తాడట. ఆ ఏడాదంతా దెజో గురువారం పేరెత్తితే తల దించుకునేవాడు. పగలు దర్శకుడు, సాయంత్రం సున్నంవాడు.

చివరికి గార్విన్ గదికి వెళ్ళాడు. నన్ను సాక్షిగా తీసుకెళ్ళాడు, ఆయన గొంతు అవసరమైనప్పుడు పైకి లేవదు.

"గార్విన్ గారూ, తెర మీద నా పేరు..."

"డెజ్, నాకేం అభ్యంతరం లేదు. కానీ నీ పేరు పిల్లల నోట తిరగదు. అటుకులవాళ్ళకి విదేశీ పేర్లంటే గొంతులో ముల్లు. పొట్టిగా చేద్దాం. డెస్మండ్ హాల్. ఎలా ఉంది? సినిమా హీరోలా లేదూ?"

దెజో చాలాసేపు ఆలోచించాడు. నిజంగా ఆలోచించాడు, నాకు భయం వేసింది. అప్పుడన్నాడు: "మంచి పేరేనండీ. కానీ మా అత్తగారు ఫోన్ చేసి, డెస్మండ్ ఎవడు, నా కూతురు మొగుణ్ణి మార్చిందా అంటుంది. ఆవిడకి జవాబు మీరు చెబుతారా?"

నేను మధ్యలో దూరాను. "ఆయన చేశాడు, ఆయన పేరు వెయ్యండి. వచ్చే ఏడాది కొత్త టైటిళ్ళు చేస్తున్నాం కదా, అందులో పడాలి. పడకపోతే ఇంకు గది సంగతి నాకు తెలుసు, మీకు తెలియదు."

గార్విన్ ఒప్పుకున్నాడు. అంత తేలిగ్గా ఒప్పుకున్నప్పుడే నాకు అనుమానం రావాలి. కొత్త టైటిల్ నేనే రాశాను. తెల్లవారుజాము వీధి, బూడిదరంగు ఆకాశం, దాని మీద సెల్ పెట్టి అక్షరాలు. దర్శకత్వం: దెజో హాల్మోష్. ఉక్కు పాళీతో ఒత్తి ఒత్తి రాశాను. ఆయన వెనక నిలబడి చూస్తూ ఊపిరి కూడా తీసుకోలేదు. రాయడం అయ్యాక నా చేతికి ముద్దు పెట్టాడు, మీసం నల్లబడింది, ఆ రోజంతా కడుక్కోలేదు.

కెమెరాకి ఎక్కించే రోజున అటుకుల కంపెనీ పెద్దమనిషి టాలివర్ షెడ్డు చూడటానికి వచ్చాడు. బల్ల మీద ఆ సెల్ చూసి, "ఈ హాల్మోష్ ఎవరు చెట్? దర్శకత్వం నువ్వే చేస్తున్నానని క్లబ్బులో చెప్పావుగా?" అన్నాడు.

గార్విన్ పకపకా నవ్వాడు. "అదా? అది ఊరికే అక్షరాలు ఎలా ఉంటాయో చూడ్డానికి రాయించాం. పూయిట్, అది కడిగి నా పేరు రాయి."

"నా పేరు ప్రూయిట్. ఆ సెల్ నేను కడగను."

"కడగకపోతే లాండ్రీలో అడుగుతాను, వాళ్ళు కడుగుతారు."

ఆయన కడిగించాడు కూడా. గార్విన్ షెడ్డులో ఏ సెల్‌నీ పారేసేవాళ్ళు కాదు. వాడిన సెల్ తొట్టెలో వేసి, గోరువెచ్చని నీళ్ళతో రుద్ది, ఆరేసి మళ్ళీ వాడాలి. లాండ్రీ వెనక ఉండి ఆయనకి వచ్చిన గొప్ప ఆలోచన అది. వేరే స్టూడియోలు కూడా కడిగేవి, కానీ ముఖ్యమైన బొమ్మకి కొత్త సెల్ తీసేవి. గార్విన్ తన పేరుకి కూడా కొత్తది తియ్యలేదు. అదే సెల్ తడి ఆరీ ఆరకుండా నా ముందు పడేసి, "శుభ్రంగా ఉంది, వృథా చెయ్యకు" అన్నాడు. టాలివర్ ఎదురుగా నిలబడి ఉన్నాడు, దెజో నా భుజం మీద చెయ్యేసి, "రాయమ్మా. నీ ఉద్యోగం పోతే నాకోసం అరిచేవాళ్ళుండరు" అన్నాడు. రాశాను. ఫిలిం లాబొరేటరీ నుంచి నేరుగా టెలివిజన్ స్టేషన్లకి పోయింది. మధ్యలో ఒకసారి వేసుకుని చూడటం కూడా దండగని గార్విన్ ఆ పద్ధతి ఎత్తేసి అప్పటికి చాలా కాలం.

ఆ బొమ్మ పడే గురువారం సాయంత్రం ఇల్కా మమ్మల్ని భోజనానికి పిలిచింది. మిరపపొడి వేసిన కోడికూర, పిండి ఉండలు. పండగకని పిలిచింది, పండగ కాదని ఆమెకి చెప్పే ధైర్యం దెజోకి లేదు. క్లీవ్‌లాండ్‌లో మాకంటే ముందే పొద్దుగూకుతుంది, బొమ్మ కూడా ముందే పడుతుంది. మేమింకా కంచాల ముందు ఉండగానే ఫోన్ మోగింది. దెజో మొహం పాలిపోయింది. అత్తగారి ఫోన్ మోగే తీరు ఆయనకి తెలుసు. తీశాడు. అవతల ఏడుపు. ఇల్కా చెవి ఆనించింది.

"ఇల్కా, తల్లీ, ఎలా పోయాడమ్మా..."

"అత్తయ్యా, నేను దెజోని."

అవతల ఏడుపు ఆగింది. తర్వాత, "నువ్వు బతికే ఉన్నావా?"

"ఉన్నానత్తయ్యా."

"నిజం చెప్పు."

"కోడికూర తింటున్నాను."

"మరి నీ పేరు అలా దయ్యంలా ఎందుకుంది? వేరేవాడి పేరు నల్లగా, గట్టిగా ఉంది. వెనకాల నీ పేరు తెల్లగా, పొగలా, మెరుస్తూ... చచ్చినవాళ్ళకి అలా వేస్తారనుకున్నాం! వీధంతా లేచి నిలబడ్డాం. మాంసం కొట్టువాడు టోపీ తీశాడు!"

దెజో ఫోన్ పట్టుకుని అలాగే కుర్చీలో కూలబడ్డాడు. కడిగిన పేరు ఎలా కనబడిందో నాకు అప్పుడు తెలిసింది. కడిగితే ఇంకు పోతుంది, పాళీ గీరిన గీత పోదు. పక్కల నుంచి కెమెరా దీపాలు పడితే ఆ గీరలు సాలెగూడు దారాల్లా మెరుస్తాయి. వెనకాల బూడిదరంగు ఆకాశం. బట్టలు ఉతికే బుద్ధితో బొమ్మలు తీస్తే ఇంతే. నేను కావాలని చేశానని గార్విన్ తర్వాత ఊరంతా చెప్పాడు. పచ్చి అబద్ధం. అలా అవుతుందని ముందే తెలిస్తే ఇంకా గట్టిగా ఒత్తేదాన్ని.

బొర్బాలా మాత్రం ఆగలేదు. "ఫాదర్ గారి చేత చర్చిలో చావుగంట కొట్టించేశాను. కొట్టిన గంట వెనక్కి తీసుకోవడం ఎలా? ఇంటినిండా రొట్టెలు, గసగసాల తీపి చుట్టలు తెచ్చిపెట్టారు. తిరిగి ఇచ్చెయ్యాలా?"

"ఉంచుకోండత్తయ్యా."

"అందరూ నిన్ను ఎంత పొగుడుతున్నారో! ఎంత గొప్ప దర్శకుడు, మనకి తెలియలేదే అంటున్నారు. సున్నంవాడన్న నోళ్ళే. అల్లుడూ, ఒక మాట అడుగుతాను, కాదనకు. ఆదివారం దాకా చచ్చినట్టే ఉండు. పరువుగా ఉంది."

ఇల్కా ఫోన్ లాక్కుని తల్లిని తిట్టింది. మాకు ఆ తిట్లు అర్థం కాలేదు కానీ బలం తెలిసింది. తర్వాత మా ఊళ్ళోనూ బొమ్మ పడింది. చెట్ గార్విన్ అన్న నల్ల అక్షరాల చుట్టూ, వాటి కంటే పొడుగ్గా, దెజో హాల్మోష్ వెన్నెల్లా వెలిగింది. ఇల్కా చప్పట్లు కొట్టింది. దెజో కొట్టలేదు. "చావకపోతే పేరు వెయ్యరా, లోర్నా?" అని నన్ను అడిగాడు. ఆయన నవ్వుతున్నాడో లేదో ఆ మీసంలో తెలియలేదు. నాకు మాత్రం కోడికూర చేదెక్కింది.

మర్నాడు గార్విన్ షెడ్డులోకి ఎద్దులా వచ్చాడు. టాలివర్ ఫోన్ చేశాడట, మీ బొమ్మలో దయ్యం ఉందని పిల్లల తల్లులు అడుగుతున్నారని. గార్విన్ జీవితంలో మొదటిసారి కొత్త సెల్ కట్ట విప్పాడు. దాని మీద పల్చటి కాగితం కూడా ఊడలేదు.

"ప్రూయిట్, కొత్త సెల్. నా పేరు. నా ఒక్కడి పేరు. మళ్ళీ షూట్ చేద్దాం."

మా పేర్లు ఆయనకి సరిగ్గా పలకడం వచ్చేది అవసరం పడ్డప్పుడే. నేను గ్లౌజులు తీసి బల్ల మీద పెట్టాను. పక్క బల్ల ఆమె తీసింది. తర్వాత ఆమె పక్కామె. గదంతా తెల్లగ్లౌజులు తీసేసింది.

"ఏంటిది? సమ్మెనా?"

"ఎవరన్నారు? పనిచేస్తున్నాం" అన్నాను.

నిజంగానే చేశాం. ఒక్క నిమిషం కూడా ఆపలేదు. ఆ పొద్దున ఇల్కా మా అందరికీ సాసేజి రొట్టెలు పంపింది, జిడ్డు కారేవి. అవి తింటూ, ఒట్టి చేతులతో సెల్స్ పట్టుకుని పనిచేశాం. మధ్యాహ్నానికి మార్టిమర్ పొట్ట మీద బొటనవేళ్ళు. మార్టిమర్ బుగ్గ మీద అరచెయ్యి. కంచె పలకలన్నిటి మీదా పది వేళ్ళూ. రంగు పట్టని చోట రాలిపోతోంది. గార్విన్ ఒక సెల్ ఎత్తి దీపానికి పెట్టి చూశాడు, గుండె పట్టుకున్నాడు.

"ఇవి వేలిముద్రలు!"

"అవునండీ. మీరు పేర్లు వెయ్యరు కదా, మేం వేలిముద్రలు వేస్తున్నాం."

"వీటిని కడగాలంటే..."

"కడగండి. కడిగితే ఏమవుతుందో నిన్న చూశారుగా."

ఆయన దెజో వైపు తిరిగాడు. "డెజ్, నువ్వు పెద్దమనిషివి. వీళ్ళకి చెప్పు."

దెజో మెల్లగా వచ్చి, ప్రతి బల్ల దగ్గరా ఆగి, ఒట్టి చేతులకి, జిడ్డు చేతులకి వరసగా ముద్దు పెట్టాడు. అప్పుడు గార్విన్ ముందు నిలబడి, పుట్టాక మొదటిసారి గొంతు పెంచాడు. "చెప్పనండీ. నేను బతికే ఉన్నాను. బతికున్నవాడి పేరు నల్ల ఇంకుతో రాస్తారు."

కొత్త సెల్ మీద నేనే రాశాను. గ్లౌజులు వేసుకుని రాశాను. ఆ పేరు అప్పటి నుంచి మార్టిమర్ ఆగిపోయేదాకా ప్రతి గురువారం పడింది. బకై రోడ్డులో బొర్బాలా మళ్ళీ బల్లలు తెప్పించింది. తర్వాత ఫోన్లో, "ఇప్పుడు బాగుంది. బతికినవాడి పేరులా ఉంది" అంది. "కాళ్ళెప్పుడు గీస్తావు?" అని కూడా అంది. ఆవిడ అంతే.

దెజో ఆ తర్వాత ఇంకా చాలా కార్టూన్లు తీశాడు, అన్నీ కంచె వెనకే. ముసలితనంలో ఇల్కాతో క్లీవ్‌లాండ్ వెళ్ళిపోయాడు. బొర్బాలాకి తొంభై దాటాయి, చెవులు పోయాయి, కళ్ళు అద్దాలతో పనిచేస్తున్నాయి. మీరిప్పుడు మార్టిమర్‌ని మళ్ళీ రోజూ సాయంత్రం వేస్తున్నారు, పాత సరుకు కొత్త ధరకి అమ్ముకుంటున్నారు. ఆవిడ రోజూ టెలివిజన్ ముందు కూర్చుంటోంది. మొదట సబ్బు వస్తోంది, సబ్బు తర్వాత మీ నాన్న పేరు వస్తోంది, నీటిగుర్రం వస్తోంది. అల్లుడు పక్క కుర్చీలోనే ఉన్నా, ఆవిడ తిరిగి ఆయన వైపు చూసి, "నిన్ను తీసేశారేం?" అని రోజూ అడుగుతోందట. ఆయన రోజూ, "వచ్చే వారం వేస్తారత్తయ్యా" అంటున్నాడట. ఇల్కా ఫోన్లో చెప్పింది. ఈసారి తల్లి గొంతు అనుకరించలేదు.

సాంకేతిక కారణాలంటారు మీరు. సమయం చాల్లేదంటారు. సబ్బుకి చాలింది. మీరు కోసిన ముక్క ఎక్కడికీ పోలేదు. అసలు నెగటివ్ మీ గోడౌన్‌లోనే రేకు డబ్బాల్లో ఉంది. ఆ గోడౌన్‌లో పనిచేసేవాళ్ళు కూడా మా యూనియన్ వాళ్ళే. డబ్బాలు ఏ అలమరలో ఉన్నాయో నన్నడిగితే చెబుతాను. ఆ ముక్క తియ్యండి. ప్రతి కాపీలో ఉన్నచోట ఉన్నట్టు అతికించండి. ఒక్క కాపీలో కాదు, అన్నిటిలో. మీ నాన్న పేరు ఎంతసేపు నిలబడుతుందో దెజో పేరు కూడా అంతసేపు నిలబడాలి, తొంభై దాటిన మనిషి అద్దాలు సర్దుకుని చివరి అక్షరం దాకా చదువుకోవాలి. వచ్చే వారం కాదు. ఈ సోమవారం నుంచే. ఆయన బతికుండగానే.